సొసైటీ నుంచి అసెంబ్లీ దాకా: రాజురా, కిన్వట్ రైతు రాజకీయం వెనక కథ

ఆదిలాబాద్ మార్కెట్ కమిటీకి చైర్మన్ ఎవరో సర్కారు ఒక జీవోతో తేల్చేస్తుంది. సరిహద్దు దాటి మహారాష్ట్రలోకి వెళితే అదే పదవికి ఓట్లు అడగాలి. రాజురా, కిన్వట్ తాలూకాల తెలుగు రైతు రాజకీయాల్లోకి ఎలా వస్తాడు, ఎక్కడ ఆగిపోతాడు అన్నది అర్థం కావాలంటే ముందు ఈ తేడా తెలియాలి.

1956 దాకా ఈ రెండు తాలూకాలూ ఆదిలాబాద్ జిల్లాలోవే. రాష్ట్రాల పునర్విభజనలో నాందేడ్ జిల్లాకు పోయాయి, రాజురా 1959లో చాందా జిల్లాలో (ఇప్పటి చంద్రపూర్) కలిసింది. ఆఫీసు కాగితం మరాఠీలోకి మారింది. ఇంట్లో, చేలో తెలుగు అలాగే ఉంది.

రైతుకు దారి వేసిన చట్టం 1961 నాటి జిల్లా పరిషత్ చట్టం. దాని వెనక ఉన్నది వసంతరావ్ నాయక్ కమిటీ. యవత్‌మాల్ జిల్లా పుసద్ తాలూకా గహులీలో 1913లో బంజారా రైతు కుటుంబంలో పుట్టిన నాయక్ వకీలయ్యారు, 1946లో పుసద్ మున్సిపాలిటీ అధ్యక్షుడయ్యారు, 1952లో అసెంబ్లీకి వెళ్ళారు. 1963 డిసెంబర్ నుంచి 1975 ఫిబ్రవరి దాకా ముఖ్యమంత్రిగా ఉన్నారు. చట్టం 1962 మే 1న అమల్లోకి వచ్చింది. అందులోని అసలు విషయం, ఎమ్మెల్యేలనూ ఎంపీలనూ జిల్లా పరిషత్ సభ్యత్వానికి దూరంగా ఉంచడం. పెద్ద నాయకుల నీడ పడని చోట ఊరి రైతు సొంతంగా ఎదిగే వీలు కలిగింది.

అయినా పునాది పడేది అంతకన్నా కింద, ఊళ్ళోని వివిధ కార్యకారీ సొసైటీలో. పంట అప్పు ఇచ్చేది అదే. డైరెక్టర్లు 13 మంది: ఎనిమిది జనరల్, రెండు మహిళలకు, ఎస్సీ-ఎస్టీలకు ఒకటి, ఓబీసీలకు ఒకటి, సంచార-విముక్త జాతులకు ఒకటి. బజార్ సమితి (మార్కెట్ కమిటీ) డైరెక్టర్లు 18 మంది. వారిలో 11 మందిని సొసైటీ డైరెక్టర్లు, నలుగురిని గ్రామపంచాయతీ సభ్యులు, ఇద్దరిని వ్యాపారులు-అడత్‌దారులు (కమిషన్ ఏజెంట్లు), ఒకరిని హమాలీలు ఎన్నుకుంటారు. అంటే ఒక సొసైటీ పూర్తిగా చేతిలో ఉన్నవాడి వెంట యార్డు ఎన్నికల్లో 13 ఓట్లు ఉన్నట్టే. ఆ ఊళ్ళో ఎంతమంది రైతులున్నా ఈ లెక్క మారదు. 2017లో పది గుంటల భూమి ఉండి, అయిదేళ్ళలో మూడుసార్లు యార్డులో సరుకు అమ్మిన రైతుకు నేరుగా ఓటిచ్చారు. మంచి మార్పే, 2020లో వెనక్కి తీసుకున్నారు.

ఇక్కడ చిన్న రైతును దెబ్బతీసేది బాకీ. ఖరీఫ్ అప్పు మార్చి 31లోగా కట్టాలి. పత్తి డబ్బు ఆలస్యమైతే వడ్డీవ్యాపారి దగ్గర నాలుగు రోజులకు తెచ్చి పాతది కట్టి, కొత్తది ఎత్తుకుంటారు. అదీ కుదరనివాడు బాకీదారు. బాకీదారు పోటీకి పనికిరాడు. నామినేషన్ల పరిశీలన రోజు ఎదుటి వర్గం మొదట చూసేది బ్యాంకు జాబితానే. కరువు ఏడాది తర్వాత వచ్చే ఎన్నికల్లో మళ్ళీ పెద్ద కమతాలవాళ్ళే మిగలడానికి కారణం ఇదే.

పేరు వచ్చేది మాత్రం కాంటా దగ్గర. సీసీఐ (భారత పత్తి సంస్థ) కొనుగోలులో పత్తి తేమ ఎనిమిది శాతం లోపుంటే పూర్తి మద్దతు ధర. పైన ఒక్కో శాతానికీ కోత, పన్నెండు దాటితే బండి వెనక్కి. మంచు పట్టిన పొద్దున మీటరు పెడితే అంకె పెరుగుతుంది. కుప్ప ఆరనిచ్చి మధ్యాహ్నం మళ్ళీ చూడమని గట్టిగా అడిగి నిలబడిన డైరెక్టరును జనం గుర్తుపెట్టుకుంటారు.

ఇదే పత్తి ఇంకో దారినీ తెరిచింది. 1972లో రాష్ట్రం గుత్తాధిపత్య కొనుగోలు పథకం తెచ్చి ప్రైవేటు అమ్మకం నిషేధించింది. డబ్బు వాయిదాల్లో వచ్చేది. పొరుగున ధర బాగున్న ఏడాది పత్తి దొంగచాటుగా సరిహద్దు దాటేది. శరద్ జోషీ నడిపిన రైతు సంఘం శేత్కరీ సంఘటన ఈ నిర్బంధాన్ని ఎదిరించింది. ఆ సంఘం నాయకుడు వామన్‌రావ్ చటప్ రాజురా ఎమ్మెల్యే అయ్యారు, 2004లో గెలిచింది స్వతంత్ర భారత్ పక్ష్ పార్టీ తరఫునే. సొసైటీల పట్టు లేకుండా ఉద్యమంతోనూ అసెంబ్లీకి పోవచ్చని ఈ ప్రాంతం చూసింది. అలాంటి గెలుపులు అరుదు.

తెలుగు కుటుంబాలకు చివరి అడ్డంకి కుల ధ్రువీకరణ. రిజర్వుడు సీటుకు ఎస్టీలైతే 1950 సెప్టెంబర్ 6, విముక్త-సంచార జాతులైతే 1961 నవంబర్ 21, ఓబీసీలైతే 1967 అక్టోబర్ 13 నాటికి ఇక్కడివాళ్ళమని చూపాలి. మొదటి తేదీకి ఈ ఊళ్ళు ఆదిలాబాద్‌వి, అప్పటి కాగితాలు ఉర్దూవి. నామినేషన్‌కు దరఖాస్తు రసీదు చాలు గానీ, గెలిచాక గడువులోగా వాలిడిటీ (కుల ధ్రువీకరణ) పత్రం ఇవ్వకపోతే పదవి పోతుంది. తాత పాత స్కూలు దాఖలా, ఖాస్రా పహాణీ (పాత భూమి రికార్డు) నకలు, ఉర్దూకు ప్రమాణిత మరాఠీ అనువాదం, వంశవృక్షం, ఈ నాలుగూ ఎన్నికల ప్రకటన రాకముందే చేతిలో ఉండాలి.