గుండెకు ముందే తెలిసే కబురు

"అంగస్తంభన సమస్య అని సిగ్గు చంపుకుని చెబితే డాక్టరు గారు బీపీ చూసి, షుగర్, కొలెస్టరాల్ పరీక్షలు, ఈసీజీ రాసిచ్చారు. దీనికీ గుండెకీ ఏమిటండీ సంబంధం?" అని ఒక పాఠకుడి ప్రశ్న. ఆ డాక్టరు గారు పని తెలిసిన మనిషి.

పురుషాంగంలో పొడవునా మెత్తటి కణజాలం, దాని చుట్టూ ఒక హద్దు దాటి సాగని గట్టి పొర ఉంటాయి. సైకిల్ ట్యూబు, టైరు అనుకోండి. మామూలు వేళల్లో ట్యూబులోని కండరాలు బిగుసుకుని ఉంటాయి కాబట్టి రక్తం పెద్దగా చేరదు. విడ్డూరంగా ఉంటుంది గానీ, అంగం గట్టిపడాలంటే లోపలి కండరం వదులవ్వాలి! వదులైతే ధమనుల్లోంచి రక్తం వచ్చి ట్యూబు ఉబ్బుతుంది, టైరుకు ఒత్తుకుంటుంది. రక్తాన్ని బయటికి తీసుకెళ్లే సన్నటి సిరలు సరిగ్గా ఆ రెంటి మధ్యే నలిగి మూసుకుపోతాయి. ఈ ట్యూబుకు వేరే వాల్వు లేదు, నిండడమే వాల్వు. సగమే నిండితే వాల్వు పడదు, వచ్చిన రక్తం వచ్చినట్టే పోతుంది. "వస్తుంది గానీ నిలవదు" అనేవారిలో చాలామందికి పంక్చరేమీ ఉండదు, పంపుకే, అంటే రక్తం తెచ్చే ధమనులకే, బలం చాలదు.

మరి కండరాన్ని వదులవ్వమని చెప్పేదెవరు? 1980లో అమెరికా శాస్త్రవేత్త రాబర్ట్ ఫర్చ్‌గాట్ కుందేలు బృహద్ధమని ముక్కల మీద ఒక సంగతి చూపించాడు. నాళం లోపలి పలుచటి పొర, ఎండోథీలియం, చెక్కుచెదరకుండా ఉంటే ఎసిటైల్‌కోలిన్ అనే రసాయనం వేయగానే కండరం వదులవుతుంది. ఆ పొరను రుద్ది తీసేస్తే కాదు. పొర పంపే ఆ కబురు నైట్రిక్ ఆక్సైడ్ అనే వాయువని తర్వాత తేలింది. 1998లో ఫర్చ్‌గాట్, ఇగ్నారో, మురాద్‌లకు నోబెల్ వచ్చింది. డైనమైట్‌లోని నైట్రోగ్లిజరిన్‌నే గుండెజబ్బుకు మందుగా, ఆ బహుమతి పెట్టిన, డైనమైట్ కనిపెట్టిన ఆల్ఫ్రెడ్ నోబెల్‌కు డాక్టర్లు రాశారు, అది పనిచేసేదీ నైట్రిక్ ఆక్సైడ్ ద్వారానే. నాకు ఎన్నిసార్లు చెప్పినా తనివితీరని కథ ఇది.

అంగంలో ఈ వాయువు మొదట నరాల కొసల నుంచి, తర్వాత నాళాల పొర నుంచి వస్తుంది. కండర కణంలో గ్వానిలేట్ సైక్లేజ్ అనే ఎంజైమును తట్టిలేపుతుంది, దాంతో సైక్లిక్ జీఎంపీ అనే రసాయనం పెరుగుతుంది, కాల్షియం తగ్గుతుంది, కండరం వదులవుతుంది. పీడీఈ5 అనే ఎంజైము ఆ జీఎంపీని విరగ్గొట్టి ఆట ముగిస్తుంది.

షుగరు, బీపీ, పొగ, కొలెస్టరాల్ దెబ్బతీసేది నాళాల లోపలి ఈ పొరనే, అదీ ఒంట్లో అన్నిచోట్లా. అంగంలోని ధమని వెడల్పు 1–2 మిల్లీమీటర్లు, గుండె ధమనులది సుమారు 3–4. సన్నదానికి ముందు ఇబ్బంది. అందుకే గుండెజబ్బు లక్షణాల కంటే రెండు నుంచి అయిదేళ్ల ముందే అంగస్తంభన లోపం కనబడటం మామూలే.

కారణాలు ఇంకా ఉన్నాయి: టెస్టోస్టెరాన్ తగ్గడం, ప్రోస్టేట్ ఆపరేషన్, కొన్ని బీపీ మందులు, డిప్రెషన్ మందులు. భయం కూడా. ఆందోళనలో విడుదలయ్యే అడ్రినలిన్ ఆ కండరాన్ని బిగిస్తుంది. నిద్రలోనో తెల్లవారుజామునో స్తంభన బాగానే ఉంటే పంపు పాడైపోలేదన్నమాట. హస్తప్రయోగం వల్ల వచ్చిందనేది వట్టి మాట. "నరాల బలహీనత" పొడుల్లో కొన్నింటిలో పరీక్షిస్తే దొరికింది రహస్యంగా కలిపిన సిల్డెనాఫిల్, అంటే వయాగ్రా!

ఆ సిల్డెనాఫిల్‌ను ఫైజర్ కంపెనీ శాస్త్రవేత్తలు మొదట పరీక్షించింది గుండెనొప్పికే. 1998 మార్చిలో అమెరికాలో దీన్ని స్తంభన మందుగా అనుమతించారు. ఇది పీడీఈ5ను అడ్డుకుంటుంది, అంతే. కోరిక పుట్టి నైట్రిక్ ఆక్సైడ్ రాకపోతే విరగకుండా కాపాడటానికి జీఎంపీయే ఉండదు, మాత్ర ఊరికే పోతుంది. మాత్రలు పనిచేయకపోతే అంగంలోకి ఇంజెక్షన్, వాక్యూమ్ పంపు, చివరికి ఇంప్లాంటు ఉన్నాయి. పొగ మానడం, నడక, బరువు తగ్గడం నాళాల లోపలి పొరకే నేరుగా మేలు చేస్తాయి. నాలుగు గంటలు దాటినా స్తంభన తగ్గకపోతే అది ఎమర్జెన్సీ.

గుండెనొప్పికి నైట్రోగ్లిజరిన్ లాంటి నైట్రేట్ మందులు వాడేవారు మాత్రం ఈ మాత్ర ముట్టకూడదు. నైట్రేట్ జీఎంపీని పుట్టిస్తూ ఉంటే మాత్ర దాన్ని విరగనివ్వదు. అంగంలోనే కాదు, ఒంట్లో నాళాలన్నీ ఒక్కసారే వదులై బీపీ ప్రాణం మీదికి తెచ్చేంత పడిపోతుంది.