“ఇప్పటికి వాపసు తీసుకో, తర్వాత మళ్లీ వేద్దాం”

నల్లగొండ కోర్టు ఆవరణలో ఈ మాట చెవిన పడని నెల లేదు. చెప్పేది చాలాసార్లు వకీలు కాదు, ఊరి పెద్దమనిషి. దాన్ని నమ్మి భూమి పోగొట్టుకున్నవాళ్లను చూశాను కనుక కాస్త గట్టిగానే రాస్తున్నాను.

అపోహ: దావా మనది, వాపసు తీసుకున్నా ఎప్పుడైనా మళ్లీ వేసుకోవచ్చు.

వాస్తవం: వాపసు తీసుకోవడం వరకే మీ ఇష్టం. సివిల్ ప్రొసీజర్ కోడ్ 23వ ఆర్డర్ 1వ రూల్ ప్రకారం, మళ్లీ వేసుకునేందుకు కోర్టు అనుమతి పొందకుండా వాపసు తీసుకుంటే అదే విషయంపై కొత్త దావా చెల్లదు. పైగా ఖర్చులు మీ మీద పడవచ్చు. అనుమతికి కారణం చూపాలి: సర్వే నంబరు తప్పు పడింది, చేర్చాల్సిన ప్రతివాదిని చేర్చలేదు, ప్రభుత్వంపై దావాకు ముందు ఇవ్వాల్సిన 80వ సెక్షన్ నోటీసు ఇవ్వలేదు వంటి సాంకేతిక లోపం, లేదా కోర్టు ఒప్పుకునే మరో తగిన కారణం. సాక్ష్యం బలంగా లేదు, ఇంకోసారి చూసుకుంటాం అంటే కుదరదు.

నేను జూనియర్ వకీలుగా ఉన్న రోజుల్లో దేవరకొండ వైపు నుంచి ఒకావిడ వచ్చేది. రెండెకరాల బత్తాయి తోటకు అగ్రిమెంటు రాయించుకుని, బయానా ఇచ్చింది. అమ్మినాయన రిజిస్ట్రేషన్‌కు రాకపోతే దావా వేసింది. పెద్దలు కూర్చోబెట్టారు, ఆయన సరేనన్నాడు. దావా వాపసుకు కోర్టులో ఇచ్చే మెమో రాసింది నేనే. ఒకటే వాక్యం: రాజీ కుదిరినందున దావా నడపదలచుకోలేదు. లిబర్టీ, అంటే మళ్లీ వేసుకునే అనుమతి, దాని ఊసే లేదు. ఆవిడ వేలిముద్ర వేసింది. ఆ ఏడు కాయ అమ్ముకోగానే ఆయన మాట మార్చాడు. మేం వేసిన కొత్త దావా నిలవలేదు. “నువ్వే కదా బిడ్డా రాసింది” అన్నది, కోపంగా కూడా కాదు.

రాజీ నిజమైతే ఉత్త మెమో ఎందుకు? అదే 23వ ఆర్డర్ 3వ రూల్ కింద రాజీ డిక్రీ అడగండి, లేదా లోక్ అదాలత్‌కు పంపమనండి. అక్కడి అవార్డు డిక్రీతో సమానం, కట్టిన కోర్టు ఫీజు కూడా తిరిగి వస్తుంది. అవతలివాడు మాట తప్పితే అమలు పిటిషన్ వేయవచ్చు.

అపోహ: అనుమతి దొరికింది, ఇక తొందర లేదు.

వాస్తవం: కాలపరిమితిని మొదటి దావా అసలు వేయనట్టే లెక్కిస్తారు. అగ్రిమెంటు అమలు దావాకు గడువు 3 ఏళ్లు. మొదటి దావాలోనే అవి కరిగిపోతే అనుమతి కాగితం దేనికీ పనికిరాదు. కోర్టు పరిధి లేకపోవడం వంటి లోపం వల్ల వాపసు తీసుకుంటే మాత్రం, చిత్తశుద్ధితో నడిపిన కాలాన్ని లిమిటేషన్ చట్టం 14వ సెక్షన్ కింద మినహాయించమనవచ్చు.

హైకోర్టులో వేసే రిట్ పిటిషన్లకు ఇదంతా వర్తించదంటారు. కానీ 1986లోనే సర్గుజా ట్రాన్స్‌పోర్ట్ కేసులో సుప్రీంకోర్టు ఈ సూత్రాన్ని రిట్లకూ అన్వయించింది. వాదులు ఇద్దరుంటే రెండోవారి సమ్మతి లేకుండా ఒకరు వాపసు తీసుకోవడానికి కోర్టు అనుమతించదు. ఒకసారి వాపసు తీసుకున్నాం, ఇక జన్మలో కోర్టు మెట్లెక్కలేమని నిద్ర మానుకున్నవాళ్లూ ఉన్నారు. అంత భయం వద్దు. ఆ తర్వాత పక్కవాడు కొత్తగా గట్టు జరిపితే అది కొత్త తగాదా, కొత్త దావా.

ఇప్పటికే మెమో ఇచ్చి వచ్చినవారు ముందు ఆ రోజు ఉత్తర్వు నకలు తీయించండి. జడ్జిగారు నోటితో సరేనన్నారని ఎవరో చెబితే నమ్మి కూర్చోవద్దు, అనుమతి కాగితంలో ఉందో లేదో చూడండి. ఇంగ్లిషు చదవడం రాకపోతే నా దగ్గరికి తీసుకురండి. చదివి చెబుతాను, దానికి ఫీజు తీసుకోను.