పేర్లు కుట్టిన బొంత

ఎయిడ్స్‌తో చనిపోయినవారి పేర్లు ముక్కముక్కగా కుట్టి అమెరికాలో ఒక స్మారక బొంత చేశారు. కానీ అక్కడ బొంతతో రాజకీయం మాట్లాడటం ఎయిడ్స్ కాలంలో మొదలైంది కాదు. 1830లలోనే అక్కడి ఆడవాళ్లు బానిసత్వ వ్యతిరేక సంతల్లో బొంతలు అమ్మి ఉద్యమానికి డబ్బు పోగుచేసేవారు. పారిపోతున్న బానిసలకు బొంతల మీది గుర్తులే దారి చూపించాయన్న కథ మాత్రం చరిత్రకారుల్లో చాలామంది నమ్మరు. వినడానికి బాగుంటుంది, అంతే.

ఇరవయ్యో శతాబ్దంలో ఈ పని మరింత పదునెక్కింది చిలీలో. 1973లో సైన్యాధిపతి పినోచెట్ అధికారం చేజిక్కించుకున్నాక మనుషులు మాయమవసాగారు. వాళ్ల తల్లులూ భార్యలూ రాజధాని శాంటియాగోలో చర్చి అండతో ఒకచోట చేరి, గోనెగుడ్డ మీద బట్టపేలికలతో బొమ్మలు కుట్టారు. జైలు గేటు ముందు నిలబడ్డ ఆడవాళ్లు, 'మావాళ్లు ఎక్కడ?' అన్న ప్రశ్న, అన్నీ అందులో ఉండేవి. కొన్నింటికి మాయమైనవారి చొక్కాల గుడ్డే వాడారు. ఆ బొమ్మలు గుట్టుగా దేశం దాటాయి, విదేశాల్లో అమ్ముడయ్యాయి.

అమెరికాలో 1985 నవంబర్ 27న శాన్‌ఫ్రాన్సిస్కోలో, హత్యకు గురైన స్వలింగ సంపర్కుల నాయకుడు హార్వీ మిల్క్ స్మారక ఊరేగింపు జరిగింది. ఎయిడ్స్‌తో పోయిన తమవాళ్ల పేర్లు అట్టల మీద రాయమని ఉద్యమకారుడు క్లీవ్ జోన్స్ అందరినీ అడిగాడు. వాటిని ఫెడరల్ భవనం గోడకు అంటించాక చూస్తే, అతుకుల బొంతలా కనిపించింది. నిజంగానే అలాంటి బొంత కుట్టాలన్న ఆలోచన అక్కడే పుట్టింది. ఆ రోజుల్లో ఎయిడ్స్ శవాలను ముట్టుకోవడానికి కొన్ని అంత్యక్రియల సంస్థలు ఒప్పుకునేవి కావు. కొన్ని కుటుంబాలు జబ్బు పేరు దాచేవి. కలిసి బతికిన స్వలింగ భాగస్వామికి చట్టం దృష్టిలో ఏ సంబంధమూ లేదు. అందుకే ఒక్కో ముక్క 3 అడుగుల వెడల్పు, 6 అడుగుల పొడవు: సరిగ్గా ఒక సమాధి కొలత. జీన్స్, టెడ్డీబేర్లు, ఉత్తరాలు, ఏది దొరికితే అది కుట్టేశారు.

1987 అక్టోబర్ 11న వాషింగ్టన్‌లో పార్లమెంటు భవనం ఎదుటి పెద్ద మైదానం నేషనల్ మాల్‌లో 1,920 ముక్కలు పరిచి, పేర్లు పైకి చదివారు. మరుసటి ఏడాదికి అవి ఎనిమిది వేలు దాటాయి. బొంత మొత్తాన్నీ ఒకేచోట పరచడం 1996తో ఆగిపోయింది. ఇప్పుడది సుమారు 50,000 ముక్కలు, 54 టన్నులు.

విమర్శలూ వచ్చాయి. ఏడుపుకు చోటిచ్చి కోపాన్ని చల్లార్చేస్తోందని కొందరు ఉద్యమకారులు తిట్టారు. ఆ మాటలో కొంత నిజముంది. కానీ అంకెలుగా మాత్రమే వినిపించిన చావులను ప్రభుత్వ పెద్దల కళ్లెదుట పేర్లతో సహా పరిచిపెట్టిందీ బొంతే. ఇంతకన్నా బలమైన ఫిర్యాదు మరొకటుంది: ఎయిడ్స్‌కు ఎక్కువగా బలైన నల్లజాతివారి పేర్లు ఇందులో తక్కువ. ఆ లోటు పూడ్చడానికే 'కాల్ మై నేమ్' (నా పేరు పిలవండి) పేరుతో కుట్టుశిబిరాలు పెట్టి, కొత్త ముక్కలు చేర్చుతున్నారు.