సిజిమాలి గొడవ వెనక పాతికేళ్ల కథ

ఒడిశాలోని రాయగడ బజారులో, బాక్సైట్ తవ్వకం కోసం గొడవ నడుస్తున్న సిజిమాలి కొండ పేరెత్తితే మన తెలుగువాళ్లలో చాలామంది ‘అది కొండవాళ్ల గొడవలెండి’ అని తేల్చేస్తారు. కానీ ఈ కొండల పట్టున పుట్టిన వంశధార, నాగావళి నీళ్లే గొట్టా, తోటపల్లి బ్యారేజీల కింద మన చుట్టాల పొలాలకు పారుతున్నాయి. 1936 దాకా ఈ ఊరు కూడా విశాఖపట్నం జిల్లాలోదే.

కొండల నెత్తిన బాక్సైట్ పొర, అంటే అల్యూమినియం తీసే ఖనిజం, ఉంది. వాన నీటిని పట్టి ఉంచి, ఎండాకాలంలో ఊటలుగా వదిలేది అదే. కంపెనీలకు కావలసిందీ అదే.

గొడవ ముందు కాశీపూర్‌లో రాజుకుంది. అల్యూమినా ప్రాజెక్టుకు భూములివ్వం అన్నవాళ్ల మీద 2000 డిసెంబరు 16న మైకంచ్‌లో పోలీసులు కాల్పులు జరిపారు. ముగ్గురు ఆదివాసులు చనిపోయారు. ఫ్యాక్టరీ మాత్రం ఆగలేదు.

నియమగిరి కొండ దగ్గర మాత్రం తవ్వకం ఆగింది. అక్కడ వేదాంత అనే గనుల కంపెనీ అటవీ అనుమతి రాకముందే లంజిగఢ్‌లో, వంశధార పక్కన, రిఫైనరీ కట్టడం మొదలుపెట్టింది. ఇంత డబ్బు పోశాక కొండ ఇవ్వక ఛస్తారా అన్న ధీమా కాకపోతే ఇంకేమిటి? అక్కడి ఆదివాసులైన డోంగ్రియా కోందులకు ఆ కొండ వాళ్ల దేవుడు నియమరాజు చోటు. అనాస, పసుపు, నారింజ పండించి సంతకు తెచ్చేదీ దాని వాలు మీదే.

ఆంధ్రలో బొర్రా ప్రాంతపు లీజుల మీద 1997లో వచ్చిన సమతా తీర్పు, గిరిజన ప్రాంతాల భూములను ప్రైవేటు గనుల కంపెనీలకు లీజుకివ్వకూడదన్నది, ఆదివాసులకు పెద్ద ఆసరా. కానీ అది చాలావరకు ఆంధ్ర భూబదలాయింపు చట్టం మీద నిలబడింది. నియమగిరికి పనికొచ్చింది 2006 అటవీ హక్కుల చట్టం. కేంద్రం వేసిన సక్సేనా కమిటీ నివేదిక తర్వాత 2010 ఆగస్టులో కేంద్రం అనుమతి నిరాకరించింది. 2013 ఏప్రిల్ 18న సుప్రీంకోర్టు గ్రామసభలనే అడగమంది. కొండ మీద వందకు పైగా ఊళ్లుంటే రాష్ట్ర ప్రభుత్వం 12 ఎంచింది. జిల్లా జడ్జి సమక్షంలో ఆ పన్నెండూ వద్దన్నాయి!

1982లో అమెరికాలోని వారెన్ కౌంటీలో నల్లవాళ్లు తమ ఊరి పక్కన విషపు మట్టి పూడ్చొద్దని రోడ్డెక్కినప్పుడు అడిగిందీ ఇలాంటిదే: ఎప్పుడూ మా ఊరే ఎందుకు? ఇక్కడ ఆ ప్రశ్న ఆదివాసులది, వాళ్లతో కలిసి బతికే దళితులది.

2023లో సిజిమాలి గని బ్లాకు వేలంలో వేదాంతకు దక్కింది. ఆగస్టులో, తవ్వకం వద్దన్నవాళ్ల అరెస్టులు మొదలయ్యాయి. డిసెంబరులో గ్రామసభలు ఒప్పుకున్నాయని అధికారులు కాగితాలు చూపిస్తున్నారు, ఆ సంతకాలు మావి కావని ఊళ్లవాళ్లు అంటున్నారు. నియమగిరిలో ఓటు చూడడానికి జడ్జిని కూర్చోబెట్టిన సుప్రీంకోర్టు ఆదేశం లాంటిది ఈ సభలకు లేదు.