నగర ఒంటరితనానికి రోడ్ల లెక్క

నగరంలో మనుషులు ఒంటరివాళ్లవుతున్నారంటే ముందు సెల్‌ఫోన్‌నే తిడతాం. ఆ ఫిర్యాదు ఫోను కన్నా చాలా పాతది. బస్సులు, రైళ్లు, ట్రాములు రాకముందు మనుషులు గంటల తరబడి ఎదురెదురుగా కూర్చుని ఒక్క మాటా మాట్లాడుకోకుండా ఉండాల్సిన అవసరమే రాలేదని జర్మన్ సామాజిక శాస్త్రవేత్త గేయార్గ్ జిమ్మెల్ 1908లోనే రాశాడు.

అంతకన్నా ఎక్కువ చేటు ఇంటినీ పనినీ వేరుచేసిన ప్రణాళికల వల్ల జరిగింది. నివాస, వ్యాపార, పారిశ్రామిక ప్రాంతాలను విడదీసే జోనింగ్‌ను అమెరికా సుప్రీంకోర్టు 1926లో సమర్థించింది. ఫ్యాక్టరీ పొగ ఇళ్లలోకి రాకూడదన్న ఉద్దేశంలో తప్పేం లేదు. కానీ పొగతోపాటు నడిచి వెళ్లే కొట్టు కూడా దూరమైంది. వాహనాల వేగం పెరిగినా ప్రయాణ సమయం పెద్దగా తగ్గలేదు. సగటున రోజుకు గంట చుట్టూనే ఉంటుందని ఇటలీ భౌతిక శాస్త్రవేత్త సిజేర్ మార్కెట్టి 1994లో వాదించాడు. పెరిగిన వేగాన్ని దూరమే మింగేసింది.

ఇరుగుపొరుగుపై వాహనాల రద్దీ ప్రభావాన్ని కొలిచినవాడు పట్టణ రూపకల్పన ఆచార్యుడు డొనాల్డ్ యాపిల్‌యార్డ్. శాన్‌ఫ్రాన్సిస్కోలో రోజుకు సుమారు 2,000, 8,000, 16,000 వాహనాలు తిరిగే మూడు వీధులను పోల్చి 1972లో ఫలితాలు ప్రచురించాడు. తక్కువ రద్దీ వీధిలో ఒక్కొక్కరికి సగటున ముగ్గురు స్నేహితులు, 6.3 మంది పరిచయస్తులు. ఎక్కువ రద్దీ వీధిలో 0.9, 3.1. మొదటి వీధివాళ్లు వీధంతా తమదే అనుకుంటే, చివరి వీధివాళ్లకు ‘తమది’ భవనం దగ్గరే ఆగిపోయింది. రద్దీ వీధిలో అద్దెకుండేవాళ్లు ఎక్కువ, పిల్లలున్న కుటుంబాలు తక్కువ కాబట్టి నేరమంతా వాహనాలదే అనలేం. అయినా కారణాలు ఊహకందనివి కావు: హోరులో అరుగు మీద మాట సాగదు, పిల్లల్ని బయటికి వదలరు, ఎదురింటికి వెళ్లాలంటే రోడ్డు దాటాలి.

ఒంటరితనానికి బ్రిటన్ 2018లో, జపాన్ 2021లో మంత్రులను నియమించాయి. రోడ్డు వెడల్పు, సిగ్నల్ సమయం మాత్రం ఇంజనీర్లే లెక్కేస్తారు, అసలు మీట అక్కడే ఉంది. పాదచారులు సెకనుకు 1.2 మీటర్లు నడుస్తారన్నది పాత కొలత. ఆ లెక్కన 18 మీటర్ల రోడ్డుకు 15 సెకన్లు చాలు. 0.8 మీటర్ల చొప్పున నడిచే వృద్ధురాలికి 22 దాటుతాయి. అమెరికా 2009లో ఈ కొలతను సుమారు 1.07కు తగ్గించింది, దాంతో ఆమెకు దొరికేది 17 సెకన్లు. మధ్యలో ఆగడానికి డివైడర్ దగ్గర చోటు లేకపోతే, అవతలి పార్కు ఆమెకు లేనట్టే.