కోడి కూరలో అనాస ముక్క ఎప్పుడు వేయాలి?

హనుమకొండ నుంచి ఒక పాఠకురాలు అడిగారు: "తీపి, కారం కలిసిన కూర చేద్దామని కిలో చికెన్‌కి పైనాపిల్ ముక్కలు, అల్లం వెల్లుల్లి, ఉప్పు, కారం పట్టించి రాత్రంతా ఫ్రిజ్‌లో పెట్టాను. పొద్దున వండితే ముక్కలన్నీ ముద్దయిపోయాయి. పైగా కొంచెం చేదు. చికెన్ పాతదంటారా?"

చికెన్ పాతది కాదండీ. పొయ్యి వెలిగించక ముందే అది అరగడం మొదలైంది. మన కడుపులో జరిగే పనిని మీ గిన్నెలో అనాస చేసేసింది.

ఉడికించని అనాసలో బ్రోమెలైన్ అనే ఎంజైమ్‌లు ఉంటాయి. ప్రొటీన్‌ను కోయడమే వాటి పని. అనాస ఎక్కువ తింటే నాలుక మండేది కొంత ఇందుకే. పండులో సూదుల్లాంటి కాల్షియం ఆక్సలేట్ స్ఫటికాలు కూడా ఉంటాయి, ఆ రెండూ కలిసి నోటి పొరను గీరుతాయి. మరి అదే రసం రాత్రంతా కోడిమాంసం మీద ఉంటే ఏమవుతుంది? ఫ్రిజ్ చలికి ఎంజైమ్ నెమ్మదిస్తుందే తప్ప ఆగదు.

అసలు మాంసం మెత్తబడడం అంటే ఏమిటో చూద్దాం. ముక్కను గట్టిగా పట్టి ఉంచేది కొలాజెన్ అనే ప్రొటీన్. దాన్ని మూడు పేటలు పేనిన తాడు అనుకోండి. ఈ పోలికను చివరిదాకా లాగుతాను, ఎందుకంటే మన కూర సంగతంతా ఆ తాడు పురిలోనే ఉంది. ప్రొటీన్లన్నీ అమైనో ఆమ్లాలనే పూసలు గుచ్చిన దండలే. ఒక్కో పేటలో ప్రతి మూడో అమైనో ఆమ్లం గ్లైసిన్. అమైనో ఆమ్లాలన్నింటిలోకీ అదే చిన్నది కాబట్టి మూడు పేటలూ ఒకదాన్నొకటి ఒరుసుకుని బిగుతుగా పురి పడతాయి. ఇలాంటి తాళ్లు పక్కపక్కన చేరి, వాటి మధ్య అడ్డంగా ముళ్లు పడతాయి. కోడి వయసు పెరిగేకొద్దీ ఆ ముళ్లు పెరుగుతాయి. ఆరు వారాలకే కోతకు వచ్చే బ్రాయిలర్‌లో అవి తక్కువ. ఏడాది దాటిన నాటుకోడి పుంజులో ఎక్కువ. పుంజు కూరకు గంటన్నర మంట కావాలని మా వైపు అమ్మమ్మలు చెప్పేదానికి కారణం ఆ ముళ్లే.

ఇప్పుడు ఈ తాడును ఎంజైమ్ కోయగలదా? చల్లగా ఉన్నప్పుడు దాదాపు కోయలేదు. ఎంజైమ్‌లో కోత జరిగే చోటు ఒక సన్నని గాడి. అందులో ఒక్క పేట పడుతుంది, పురి పడ్డ మూడు పేటల తాడు పట్టదు. బొప్పాయిలోని పపైన్ ఈ కుటుంబానికే చెందింది. ఆ ఎంజైమ్‌లో 212 అమైనో ఆమ్లాలు ఉంటాయి. దాని త్రిమితీయ రూపం 1968లోనే ఎక్స్-కిరణాలతో బయటపడింది. గాడికి ఒక పక్క 25వ స్థానంలో సిస్టీన్, ఎదురుగా 159వ స్థానంలో హిస్టిడిన్ అనే అమైనో ఆమ్లాలు ఉంటాయి. హిస్టిడిన్ ప్రోటాన్‌ను లాక్కోగానే సిస్టీన్‌లోని గంధకం, పేటలో రెండు అమైనో ఆమ్లాలను కలిపే పెప్టైడ్ బంధం మీదికి దూకుతుంది, బంధం తెగుతుంది. తర్వాత నీటి అణువు వచ్చి ఎంజైమ్‌ను విడిపిస్తుంది, అది మరో బంధం వెతుక్కుంటుంది. చాలనే మాట దానికి తెలియదు.

కాబట్టి రాత్రి ఫ్రిజ్‌లో తెగింది తాడు కాదు, కండలోని మయోసిన్ లాంటి ప్రొటీన్లు. అది కూడా ముక్క పైపైనే, రసం లోపలిదాకా త్వరగా వెళ్లదు. అసలు విధ్వంసం పొద్దున జరిగింది. గంజును సన్నమంట మీద పెడితే కూర నెమ్మదిగా 50 డిగ్రీలకు, 60కి, 65కి ఎక్కుతుంది. సరిగ్గా 60, 65 మధ్య కొలాజెన్ తాడు పురి విప్పుకుని పేటలు విడివడతాయి. షేర్వాకు చిక్కదనం ఇచ్చే జెలటిన్ అంటే ఈ విడిపోయిన పేటలే. బ్రోమెలైన్ బాగా చురుగ్గా ఉండేది కూడా 50, 60 డిగ్రీల దగ్గరే. తాడు విప్పుకోవడం, కోసేది చురుకెక్కడం ఒకే వేడిలో! మరుగు వచ్చేసరికి ఎంజైమ్ చెడిపోతుంది కానీ అప్పటికే చేయాల్సిందంతా చేసేసి ఉంటుంది. సన్నమంట మీద ఎంత నిదానంగా వేడెక్కిస్తే అంత ముద్ద.

చేదు కూడా ఇక్కడిదే. ప్రొటీన్ తెగినప్పుడు వచ్చే చిన్న తునకల్లో కొన్ని చేదుగా ఉంటాయి. పాలల్లో అనాస వేస్తే కాసేపటికి చేదెక్కేదీ అందుకే, అక్కడ తెగేది పాలలోని కేసీన్. పాలు, పైనాపిల్ కలిస్తే విషం అని ఇప్పటికీ పిల్లలను భయపెట్టేవాళ్లున్నారు. విషం లేదు, ఏమీ లేదు. రుచి చెడుతుంది, అంతే. పుట్టినరోజు కేకులో క్రీమూ పైనాపిలూ కలిపి తింటున్న ఇంట్లోనే ఈ భయం బతకడం నాకు బాధగా ఉంటుంది.

పదో తరగతిలో పెప్సిన్, ట్రిప్సిన్ అని పేర్లు బట్టీ పట్టిస్తాం. దాని బదులు ఒక్క పీరియడ్ ఇది చేయించండి. జెలటిన్ జెల్లీ రెండు గిన్నెల్లో పోసి, ఒకదాంట్లో పచ్చి అనాస, ఇంకోదాంట్లో ఐదు నిమిషాలు ఉడికించిన అనాస వేయాలి. మొదటిది గడ్డకట్టదు, రెండోది కడుతుంది. మూడో గిన్నెలో చైనా గ్రాస్ జెల్లీ చేసి పచ్చి అనాసే వేస్తే అదీ గడ్డకడుతుంది, ఎందుకంటే చైనా గ్రాస్ ప్రొటీన్ కాదు, పిండిపదార్థం. ఎంజైమ్ దేన్ని పడితే దాన్ని కోయదని పిల్లలు కళ్లారా చూస్తారు.

మన వంటింట్లో ఇలాంటి ఎంజైమ్ ఎప్పటినుంచో ఉంది. అల్లంలోని జింజిబైన్ ఈ కుటుంబానిదే. తెగే బంధానికి ఒక అడుగు ముందు ప్రోలిన్ అనే అమైనో ఆమ్లం ఉంటే దానికి మరీ ఇష్టం, కొలాజెన్ నిండా ప్రోలినే! హైదరాబాద్ కచ్చీ బిర్యానీ వాళ్లు మాంసానికి పచ్చి బొప్పాయి ముద్ద పట్టించేదీ ఈ లెక్కతోనే. బొప్పాయి పండేకొద్దీ పపైన్ తగ్గిపోతుంది కాబట్టి కాయే వాడాలి. ద్రాక్ష, ఆపిల్, ఎండు ద్రాక్ష, ఖుబానీలతో ఈ టెన్షన్ లేదు.

అనాసే కావాలంటే ముక్కలను ముందు వేడి నూనెలో ఐదారు నిమిషాలు, రసం బుడగలొచ్చి అంచులు ఎర్రబడేదాకా వేయించి తీసి పెట్టుకోండి. ఎంజైమ్ పని అక్కడితో అయిపోతుంది, చక్కెర కాస్త మాడి తీపికి లోతు వస్తుంది. డబ్బా పైనాపిల్ ఎలాగూ వేడి చేసి మూసిందే. చికెన్ ఉడికాక, దించే ముందు పది నిమిషాలు ఉందనగా వేయాలి.

ఇక కారం. వరంగల్ ఎనుమాముల మార్కెట్లో చపాటా మిర్చి దొరికినప్పుడు ఈ కూరకు వేరే మిర్చి ఎందుకు? 2025లో భౌగోళిక గుర్తింపు పొందిన వరంగల్ చపాటాకు రంగు చాలా ఎక్కువ, ఘాటు తక్కువ. ఘాటునిచ్చే కాప్సైసిన్ మన నాలుకపై టీఆర్‌పీవీ1 అనే గ్రాహకాన్ని తెరుస్తుంది. 43 డిగ్రీల వేడికి తెరుచుకునేదీ అదే, అందుకే కారం నిజంగా మంటలా అనిపిస్తుంది. దీన్ని కనిపెట్టిన డేవిడ్ జూలియస్‌కు 2021లో నోబెల్ వచ్చింది. పులుపు ఆ గ్రాహకాన్ని ఇంకా రెచ్చగొడుతుంది, తీపి ఆ మంటను మనకు తక్కువగా తెలిసేలా చేస్తుంది. 1912లో విల్బర్ స్కోవిల్ కారాన్ని కొలిచినప్పుడు మిర్చి సారాన్ని తీపి నీళ్లలోనే పలచన చేస్తూ పోయాడు. చపాటా రంగు, కాప్సైసిన్ రెండూ నీటిలో కరగవు, నూనెలో కరుగుతాయి. కాబట్టి కారప్పొడిని నూనె ఉన్నప్పుడే, మంట తగ్గించి వేయాలి.

చింతపండు వేస్తారా? అయితే ఉల్లి, టమాట పూర్తిగా ఉడికాకే పోయండి. పులుపు తగిలితే మొక్క కణాలను అంటించే పెక్టిన్ కరగడం నెమ్మదిస్తుంది. పులుసు పోశాక ముక్క ఉడకదని అందరికీ తెలిసిందే కదా. అనాస ముక్క విషయంలో మాత్రం అది మేలే: వేయించిన ముక్కలను పులుసు పోశాకే వేస్తే షేర్వాలో చితికిపోకుండా పంటికి తగులుతాయి.