నాష్‌విల్ పోరాటానికి నాగ్‌పూర్ దారి

1960 ఫిబ్రవరి 13న అమెరికాలోని నాష్‌విల్‌లో వందమందికి పైగా విద్యార్థులు, ఎక్కువమంది నల్లజాతివారే, ఊరి నడిబొడ్డున ఉన్న దుకాణాలకు వెళ్లారు. ఏదో చిన్న వస్తువు కొని, తర్వాత అదే దుకాణంలోని లంచ్ కౌంటర్ దగ్గర కూర్చుని తినడానికి అడిగారు. నల్లవాళ్ల డబ్బు పుచ్చుకోవడానికి ఆ షాపులకు అభ్యంతరం లేదు. కూర్చోబెట్టి శాండ్‌విచ్ పెట్టడానికే మనసు రాలేదు.

ఈ పిల్లలకు నెలల తరబడి శిక్షణ ఇచ్చినవాడు జేమ్స్ లాసన్. కొరియా యుద్ధకాలంలో సైన్యంలో చేరనని జైలుకెళ్లిన మనిషి. 1953లో నాగ్‌పూర్ హిస్లాప్ కాలేజీకి వచ్చి సుమారు మూడేళ్లున్నారు, గాంధీ పోరాట పద్ధతిని శ్రద్ధగా చదివారు. అమెరికాలోని మాంట్‌గోమరీ నగరంలో, రంగును బట్టి సీట్లు వేరుచేయడాన్ని నిరసిస్తూ నల్లవాళ్లు బస్సులెక్కడం మానేశారన్న వార్త ఆయన కంటబడింది నాగ్‌పూర్ పేపర్లోనే. అమెరికా తిరిగి వెళ్లాక, 1957లో కలిసినప్పుడు నల్లజాతి హక్కుల నాయకుడు మార్టిన్ లూథర్ కింగ్ ఆయన్ని వెంటనే అమెరికా దక్షిణాదికి రమ్మన్నారు.

నాష్‌విల్ చర్చిలో లాసన్ పెట్టిన తరగతుల్లో కొందరు దాడిచేసే తెల్లవాళ్లుగా నటించేవారు. తిట్టేవారు, జుట్టు పట్టి లాగేవారు, ముఖాన సిగరెట్ పొగ ఊదేవారు, కుర్చీలోంచి తోసేసేవారు. మిగతావారు చెయ్యెత్తకూడదు. కిందపడితే తల, పొట్ట కాపాడుకుంటూ ఎలా ముడుచుకోవాలో కూడా సాధన చేశారు. అహింస అంటే చేతకానితనం అనేవాళ్లు ఈ తరగతుల గురించి తప్పక తెలుసుకోవాలి.

ఫిబ్రవరి 27న అసలు పరీక్ష వచ్చింది. తెల్ల కుర్రాళ్లు కొట్టారు. పోలీసులు పట్టుకుపోయింది మాత్రం దెబ్బలు తిన్నవాళ్లని, 80 మందికి పైగా. ఒక జట్టును తీసుకెళ్లగానే ఇంకో జట్టు వచ్చి అవే కుర్చీల్లో కూర్చుంది. మార్చిలో వాండర్‌బిల్ట్ విశ్వవిద్యాలయం అక్కడ చదువుతున్న లాసన్‌ను వెళ్లగొట్టింది. ఈస్టర్ ముందు నల్లజాతి కుటుంబాలు ఆ షాపులకు వెళ్లడం మానేశాక వ్యాపారులకు సెగ తగిలింది.

ఏప్రిల్ 19న విద్యార్థుల లాయర్ అలెగ్జాండర్ లూబీ ఇంటిపై బాంబు వేశారు. అదే రోజు వేలమంది నోరు మెదపకుండా సిటీ హాల్ దాకా నడిచారు. మనిషిని రంగుని బట్టి వేరుగా చూడటం తప్పా కాదా అని డయాన్ నాష్ అనే విద్యార్థిని మేయర్ బెన్ వెస్ట్‌ను సూటిగా నిలదీసింది. తప్పేనని ఆయన అందరి ముందూ ఒప్పుకున్నాడు.

మే 10న ఆరు దుకాణాల కౌంటర్లలో నల్లవాళ్లకు వడ్డించారు. సినిమా హాళ్లు, హోటళ్ల కోసం మళ్లీ పోరాడాల్సి వచ్చింది. దేశమంతటికీ వర్తించే పౌరహక్కుల చట్టం 1964లో గానీ రాలేదు.